ఏడో అక్షరం

ఎస్ సున్నా నాలుగు, చుక్క, ఐదు.
ముఖనాడికి దెబ్బ.
తర్వాతి అంకె కుడికి ఒకటి, ఎడమకి రెండు.
డాక్టరు గారు ఏ పక్కో రాయలేదు.

గుంటూరు కొత్తపేటలో ఆసుపత్రి, మెట్ల కింద గది.
జిరాక్స్ మిషను, నేను, మెడ తిప్పని ఫ్యాను.
ముఖాలు ఇక్కడికి కాగితాలై దిగుతాయి.
ఈ కాగితం పేరు మీరావలి, యాభై రెండేళ్లు,
మిర్చి యార్డులో ముఠా కూలి.
బస్తా కొక్కెం జారి చెవి కింద దిగిందట.
ఆ వారం నేను సెలవులో ఉన్నాను.
నా బదులు కూర్చున్నామె సున్నా కొట్టి పంపేసింది,
సున్నా అంటే పక్క తెలియదు అని.
బీమా వాళ్లు తిప్పి కొట్టారు.
బెజవాడ హెడ్డాఫీసు నుంచి ఫోను:
మనిషికి ఉన్నవే రెండు పక్కలు, అదీ తెలియదా?

లేచి ఓపీ వరండాలోకి వెళ్లాను.
ఎక్కడున్నాడో అడగక్కర్లేకపోయింది.
యార్డు మనిషి కూర్చున్న బెంచీ మొత్తం తుమ్ముతోంది.
తడి రుమాలు ఒక కంటి మీద.
"ఏ పక్కండీ?" అన్నాను.
నవ్వాడు.
ఒక పక్క నవ్వింది,
రెండోది వినపడనట్టు ఊరుకుంది.

"రాత్రిళ్లు రెప్ప పడదమ్మా.
మా ఆవిడ టేపేసి పడుకోబెడుద్ది,
పొద్దున లాగితే నాలుగు వెంట్రుకలు దాంతోనే పోతాయి.
అదీ సరే.
కారం గాలి లేస్తే యార్డులో అందరూ కళ్లు మూసుకుంటారా,
నేనొక్కణ్ణే చూస్తా ఉంటా."

నాకు ఎదురుగా ఉన్న కుడి ఆయనకి ఎడమ.
తెలిసిన సంగతే, అయినా
వెనుదిరిగి, ఆయనలా నిలబడి, చెయ్యెత్తి సరిచూసుకున్నాను.
ఎడమే.
కానీ నేను చూసింది చెల్లదు.
మా పనిలో కంటికి సాక్ష్యం లేదు, కలానికే ఉంది.
గులాబీ స్లిప్పు మీద ప్రశ్న రాశాను.
ఎడమేనా అని అడగకూడదు,
జవాబు నోట్లో పెట్టినట్టవుతుంది.
ఏ పక్కో దయచేసి తెలపగలరు, అంతే.

తలుపు సందులోంచి డాక్టరు గొంతు:
నుదురు ముడతలు పెట్టు.
బుగ్గలు పూరించు.
పళ్లు చూపించు. ఈల వెయ్యి.
గాలి వచ్చింది, ఈల రాలేదు.
బయట బెంచీ మీద ఎవరి పిల్లాడో
తనని అడిగారనుకుని గట్టిగా వేశాడు.

ఆరో చోట ఎక్స్ కొట్టాలి.
అక్కడ చెప్పాల్సిందేమీ లేదు,
అయినా ఖాళీగా వదిలితే వెనకది ముందుకి జరిగి
కోడు మొత్తం చెల్లకుండా పోతుంది.
బస్సు కిటికీలోంచి రుమాలేసి
సీటు ఆపుకోవడం, అంతే.

ఏడోది అసలు మాట.
ఏ అంటే గాయానికి వైద్యం నడుస్తోంది.
డి అంటే మానే దారిలో మళ్లీ వచ్చాడు.
ఎస్ అంటే
గాయం వెళ్లిపోయింది, వదిలి వెళ్లింది మాత్రం ఉంది.
మొదటి అక్షరమూ ఎస్సే, మళ్లీ అక్కడికే.
ఎన్నోసారి వస్తే డి కాస్తా ఎస్ అవుతుందో
నా దగ్గరున్న లావు పుస్తకంలో లెక్క లేదు.
మీరావలికి ఇది నాలుగో రాక.

మూడు దాటాక స్లిప్పు తిరిగొచ్చింది.
"ఎడమ. పెదవి మూల కొద్దిగా కదలిక."
కింద సంతకమో, పెన్ను జారిన గీతో.
కొద్దిగా కదలికకి కోడు వెతికాను.
లేదని తెలిసీ రెండోసారి వెతికాను.
రెండు కొట్టాను, ఎక్స్ కొట్టాను,
డి దగ్గర వేలు కాస్త ఆగింది,
కొట్టాను.

సాయంత్రం గేటు పక్క టీ కొట్టు.
ఎడమ పెదవిని బొటనవేలితో ఎత్తి పట్టుకుని
ఊదుకుంటూ తాగుతున్నాడు.
నన్ను చూసి వేలు తీసేశాడు.
చొక్కా మీద పొద్దుటి మరకలు చాలానే ఉన్నాయి.
ఇప్పుడు పడింది
ఒక చుక్క.