అదనపు గంట

కాకినాడ ఫ్యామిలీ కోర్టులో పదకొండున్నర.
జీలాంగ్‌లో నాలుగు గంటలు, పొద్దు వాలుతున్న ఆగస్టు.
తెర మీద వాళ్ళ ఫ్యాను తిరుగుతోంది.
నా కాళ్ళ దగ్గర హీటరు.

ఒకే ల్యాప్‌టాప్ ముందు ఇద్దరం.
కోరియోలో వంశీధర్ ఫ్లాట్‌కి పొద్దుటినుంచీ నెట్టు లేదట.
మూడుసార్లు ఫోను చేసి, మొహమాటపడి,
చివరికి వచ్చాడు.
పైన ఇస్త్రీ చొక్కా, కింద ట్రాక్ ప్యాంటు.
కెమెరాకి నడుం దాకానే కదా.

"ఏడాదిగా విడిగా ఉంటున్నామని రాశారు,
మరి ఒకే గదిలో ఉన్నారేమమ్మా?"
జడ్జిగారు కళ్ళజోడు దించి చూశారు.
"ఆయనింట్లో నెట్టు పోయిందండీ" అన్నాను.
అక్కడ మా లాయరు వరహాలమ్మగారు దగ్గారు.
ఇక్కడ ఇతను నవ్వాపుకోడానికి
నా మంచినీళ్ళ గ్లాసు ఎత్తి తాగేశాడు.

ఒకటో పిటిషనరు నేను, రెండో పిటిషనరు అతను.
ప్రతివాది లేడు.
పదకొండేళ్ళలో మేమిద్దరం
ఒకే పక్షాన నిలబడింది ఈ ఒక్కసారే.

కాదు, ఇంకోసారి ఉంది.
సామర్లకోటలో, మిట్టమధ్యాహ్నం, కళ్యాణమండపం మేడ మీద
అదిగో అరుంధతి, కనిపించిందా అని పంతులుగారు అడిగితే
ఎండకి కళ్ళు చికిలించి
కనిపించిందన్నాను.
కనిపించిందన్నాడు.
పరస్పర అంగీకారం అంటే
మాకు అప్పట్నుంచే అలవాటు.
ఇక్కడికొచ్చాక ఓ రాత్రి ఫోన్లో వెతికాను.
ఇంత దక్షిణాన ఆ చుక్క
అసలు పొడవనే పొడవదట.

పిటిషన్లో 'మనస్పర్థల వల్ల' అని ఉంది.
స్పర్ధ కూడా కాదండీ,
పోటీ పడాలన్నా మనసులు ఒకే బరిలో ఉండాలిగా.
"తాగుతాడా?" అంది పిన్ని.
లేదు.
"ఎవత్తయినా ఉందా?"
లేదు పిన్నీ.
"మరెందుకే?"
ఆస్పత్రిలో రాత్రి డ్యూటీ దిగి నేనొచ్చేసరికి
వాకిట్లో అతని కారు రివర్సు తీస్తూ ఉండేది.
ఇద్దరికీ సెలవు కలిసిన రోజున
మాటలు వెతుక్కుని వెతుక్కుని
ఈ వారం పసుపు మూత బిన్నా, ఆకుపచ్చదా
అని అడుక్కునేవాళ్ళం.
ఇదంతా పిన్నికి చెప్తే
ఇదీ ఒక కారణమేనా అంటుంది.
నాకూ అలాగే అనిపించేది,
నాలుగేళ్ళపాటు.

"ఆర్నెల్లు గడువిచ్చాం. ఆలోచించుకున్నారా?"
ఆలోచించానండీ.
బస్సులో, లాండ్రీలో,
కాన్సులేట్ వరసలో సంతకాల కోసం నిలబడి,
ఆయన చేత్తో బిగించిన కుళాయి మళ్ళీ కారిన రోజున మరీను.
ఏప్రిల్లో ఇక్కడ గడియారాలు
ఒక గంట వెనక్కి తిప్పుతారు.
అంటే మీరిచ్చిన గడువు మీద
మాకింకో గంట ఎక్కువే దొరికింది.
ఆ గంట నేను
పక్క మీద అడ్డంగా పడి నిద్రపోయాను.
ఎన్నాళ్ళకో పట్టిన నిద్ర.
ఇదేమీ చెప్పలేదు.
"ఆలోచించుకున్నామండీ" అన్నాను.

"బలవంతం ఏమైనా ఉందా?"
లేదన్నాం, ఇద్దరం ఒకేసారి.
మా గొంతులు కలిసిపోయి వినపడలేదట,
విడివిడిగా చెప్పమన్నారు.
చెప్పాం.

తర్వాత ఏదో చదివారు,
సగంలో బొమ్మ ఆగిపోయింది.
జడ్జిగారి నోరు తెరిచే ఉంది,
మా పెళ్ళి ఆ నోట్లో ఎటూ కాకుండా ఉంది.
నిమిషానికి లాయరుగారి మెసేజీ వచ్చింది:
అయిపోయిందమ్మా. కాపీ వారంలో.

ల్యాప్‌టాప్ మూశాను.
లేచి జాకెట్టు తొడుక్కుని
గ్లాసు కడిగి బోర్లించాడు,
ఎప్పుడూ పెట్టే చోటే.
గుమ్మంలో ఆగి
"ఇవాళ ఏది?" అన్నాడు.
"పసుపు."

చీకట్లో బిన్ను చక్రాల చప్పుడు
వీధి అంచుదాకా వెళ్ళింది.
కాసేపటికి కారు స్టార్టయింది.