గండ్లు పూడ్చే పని

పైన ఒకటి, నడుమ ఒకటి, కింద ఒకటి.
పై జలాశయం అలుగు పోస్తే నడిమి దాన్లోకి,
నడిమి దాని తూమెత్తితే కింది దాన్లోకి,
అక్కణ్నించి ఇనప గొట్టాల్లో నలభై మైళ్ళు,
ఈ కొండ ఎప్పుడూ ఎక్కని నగరం
టీ కెటిల్లోకి.

మా నీళ్ళది పల్చటి డికాషన్ రంగు.
మురికి కాదు, పీట్ మట్టి.
కుళ్ళడం మరిచిపోయిన నాచు
ఏడాదికో మిల్లీమీటరు చొప్పున
ఒకదానిమీదొకటి పడుకుంటూ వచ్చిన నేల ఇది.
కట్ట మీంచి చూస్తే నలుపు,
దోసిట్లో పడితే
అరచేతి గీతలు కనపడతాయి.

చెట్లు లేవు.
గాలికి అడ్డుపడేది గొర్రె,
లేకపోతే నేను.
ఆగస్టులో రెండు వారాలు హెదర్ పూసి
కొండంతా కమిలిన దెబ్బలా ఊదారంగు తేలుతుంది.
మిగతా యాభై వారాలు గోధుమరంగే,
ఆ ఒక్క రంగుకీ మా నాన్న దగ్గర
ఆరు పేర్లున్నాయి.

మా నాన్న, ఈనోస్ బారక్లఫ్,
వయసులో ఉండగా
ప్రభుత్వం గజానికి ఇంతని ఇచ్చి
ఈ తడినేల ఆరబెట్టమంది.
ఆరితే గడ్డి, గడ్డికి గొర్రెలు,
గొర్రెలతో దేశం.
ట్రాక్టరు వెనక నాగలి కట్టి
నాలుగు వేసవులు కాలువలు గీశాడు,
మూరెడు లోతు.
అంటే పూటకి నాలుగొందల ఏళ్ళు.
రాత్రి వంటింట్లో బూట్లు విప్పుతూ
"ఇవాళ రెండు మైళ్ళు" అనేవాడు
అమ్మతో.

గడ్డి రాలేదు.
నీళ్ళు మాత్రం ఆయన మాట విన్నాయి.
ఒక్క వాన పడితే చాలు
కొండ నీరంతా కిందికి పరుగే,
మట్టిని వెంటేసుకుని.
మూరెడు కాలువలు మనిషి లోతు గండ్లయ్యాయి.
పోయిన కరువులో పై జలాశయం ఎండితే
పడవ రేవు దాకా పూడిక:
మా కొండే, బోర్లా పడుకుని.

ఇప్పుడు అదే శాఖ, పేరు మార్చుకుని,
గండికి ఇంతని ఇస్తోంది నాకు,
పూడ్చమని.

నేను, మేవిస్, కుడిచెవి వినపడని టోల్సన్.
హెలికాప్టరు సంచులు దించి పోతుంది,
ఆపైన మా వీపులే.
గండికి అడ్డంగా పలకలు దిగ్గొడతాం.
వెనక నిలిచిన నీటి అంచున
బొటనవేలంత నాచు మొలకలు గుచ్చుతాం,
మనిషికి రోజుకి ఆరొందలు.
మేవిస్ పెళ్ళి ఫోటోల్లో
ఉంగరం తళతళా ఉంది,
గోళ్ళ నిండా పీటు.

ఏప్రిల్లో నాన్న వస్తానన్నాడు.
ఎనభై నాలుగేళ్ళు. జీపులో దుప్పటి చుట్టి తెచ్చాం.
క్షమాపణ లాంటిదేమైనా అంటాడేమోనని
టోల్సన్ తన మంచి చెవి ఇటు తిప్పాడు.
"డబ్బిచ్చారు, తవ్వాను" అన్నాడు నాన్న.
"డబ్బిచ్చారు, పూడుస్తున్నా" అన్నాను.
ఫ్లాస్కు మూత ఒకటే,
వంతులేసుకుని తాగాం.

తర్వాత చేతికర్ర ఎత్తి
హెదర్ కింద ఏమీ కనపడని చోటు చూపించాడు.
"అక్కడొకటుంది. మీ పటంలో లేదు.
అది మూడో వేసవి.
ఆ ఏడు కప్లింగు విరిగింది,
సగం చేత్తోనే తవ్వాను."
పారతో పొడిస్తే నిజమే,
లోపల నీళ్ళు పరిగెడుతున్న చప్పుడు.
కర్లూ పిట్ట ఒకటి వంకర ముక్కుతో లేచి
మమ్మల్ని తిట్టుకుంటూ పోయింది.
సాయంత్రానికి అలాంటివి పదిహేడు చూపించాడు.
ఒక్కటీ తప్పు పోలేదు.

అక్టోబరు గాలివాన రాత్రి
కట్ట కాపలా హెస్టర్ లమ్ ఫోన్ చేసింది.
కొలబద్ద దగ్గర టార్చితో నిలబడిందట.
"కొండమీది నీళ్ళు నలభై నిమిషాల్లో దిగేవి.
గంటా పది అయింది, ఇంకా రాలేదు.
ఏదైనా తెగిందా పైన?"

నాన్న మంచమ్మీంచే విన్నాడు.
"ఎక్కడాగాయట?"

కిటికీలో ఏమీ లేదు,
వాన, మళ్ళీ వాన.

"నీ మూడో వేసవిలో" అన్నాను.