అరలీటరు పద్దు

పలాస ఆస్పత్రి, మూడో మంచం ఎదర గోడకి టీవీ.
పదకొండింటికి మొదలెట్టీసారు డిల్లీలో.
మాయాయనకి సూదులు గుచ్చీసరికి
పదకొండూ పావు.

ఎర్ర గొట్టాం ఒకటి ఎల్తాది, ఒకటి ఒత్తాది.
నాలుగ్గంటలు.
మంత్రిగారి సదువు రెండుగంటలేనట.
"అదే ముందు అయిపోద్ది పిన్నీ" అన్నాడు
మిసను బొత్తాలు నొక్కే హేమసుందరు.
నవ్వినాడేమో, మాస్కు కదిలింది.

లచ్చల కోట్లంట.
జీడిపిక్కలు బద్దలు కొట్టే సేతులివి.
లచ్చకెన్ని సున్నాలో నాకు తెలుసు,
కోటి దాటితే వేళ్ళు సాలవు.
ఆటి మీద జీడి మరకలు,
సబ్బుకి పోవు, సోడాకి పోవు.
బ్యాంకులో వేలిముద్ర పడదు.

"ఆరోగ్యానికి ఇంత" అన్నారు. బల్లలు కొట్టీసారు.
ఆ సప్పుడికి
రెండో మంచం అప్పలనరసమ్మ ఉలిక్కిపడి
"ఏటయింది, కరెంటు పోనాదా?" అంది.

నాకూ ఉంది ఒక పద్దు.
మాయాయనకి రోజుకి అరలీటరు నీళ్ళు.
డాకటరు రాసిన కేటాయింపు.
మాత్తర్లకి గుక్క, మూడుపూటలా.
పొద్దున టీ, సగం గళాసు.
గంజి తాగితే అదీ నీళ్ళకిందే లెక్క.
మిగిల్తే రాత్తిరికి రెండు అయిసు ముక్కలు,
పక్కింటోళ్ళ ఫ్రిజ్జులోవి,
సప్పరిత్తాడు సంటిపిల్లోడిలాగ.

టీవీలో లోటు, లోటు అని ఒకటే గోల.
మా ఇంట్లో లోటే ఆరోగ్యం.
మిగులు పడిందా, కాళ్ళు పొంగీత్తాయి,
బొటనేలు నొక్కిన సొట్ట అలగే ఉండిపోద్ది,
ఊపిరి బురదలో బండిలాగ దిగబడిపోద్ది.

ఎండాకాలం.
సుట్టూ కొబ్బరితోటలు, అవతల సంద్రం హోరు.
కుండ మీద కంచం బోర్లించీసి
దాని మీద పొత్రం ఎట్టీసి పడుకున్నాను.
అర్ధరాత్తిరి పొత్రం సప్పుడైతే
లేసి తిట్టీసాను, దొంగని తిట్టినట్టు.
కట్టుకున్నోడ్ని.
నీళ్ళకి.

ఇంటింటికీ కుళాయి అన్నారు టీవీలో.
నీళ్ళ వల్లో, మట్టి వల్లో, మరేటి వల్లో
మాకింకా ఎవులూ తేల్చి సెప్పనేదు.
తెల్లకోట్లోళ్ళు మూడుసార్లు సీసాల్లో పట్టుకెల్లారు.
సీసాలు కూడా వాపసు రానేదు.

టీకాకి ఇంత అన్నారు. మంచిదే.
ఆ జబ్బుకి పేరుంది,
సాయంత్రమయితే టీవీలో లెక్కుంది.
మా జబ్బుకి వేరే పేరు నేదు,
ఊరి పేరెట్టే పిలుత్తారు.
ఆ జబ్బుకని రోడ్డుకి అడ్డం కంపలేసిన నాడు
ఈ జబ్బు ఆగనేదు.
వజ్రపుకొత్తూరు ఆటోవోడు పొలాల్లోంచి తిప్పి తెచ్చినాడు,
మూడింతలు తీసుకున్నాడు,
తీసుకుంటూ మొకం పక్కకి తిప్పుకున్నాడు.

ఈ మంచం మాది కాదు మొన్నటిదాకా.
దాలినాయుడుది. సోమ, గురువారాలు.
పోయినోరం హేమసుందరు
కాగితమ్మీద ఆ పేరు మీద గీత గీసీసి
కింద కూర్మారావు అని రాసినాడు.
ఈ ఏడు మాకొచ్చిన కేటాయింపు అదొక్కటే.
సంబరపడ్డాను.
దాలినాయుడి పెళ్ళాం నా పక్క బల్ల మీదే
పిక్కలు కొడతాది.
ఇప్పుడు ఇద్దరం మాటాడుకోం.

సదువు అయిపోనాది. ఎవులో సానల్ మార్చీసారు.
మిసను ఇంకా తిరుగుతానే ఉంది.

తూకం మీద నిలబెడితే
రెండు కేజీల ఆరొందలు తగ్గినాడు.
ఎండిన పెదాలు నాలికతో తడుపుకోని
"ఈయేళకింకెంతుంది నాకు?" అన్నాడు.
సీసా మీద పెన్నుతో గీసిన గీతలు సూసినాను.
"మాత్తర్లకి పోను, ఏటీ నేదు."

ఆటో హారను కొడతన్నాడు.

"రేపటిదాంట్లోంచి
ఓ గుక్క అప్పిత్తావేటి?"

సీసా మూత సగం తిప్పి
అలగే ఉండిపోనాను.