కొలతల పుస్తకం

మా తాత ఇన్నాసికి అక్షరాలు రావు, అంకెలు వచ్చు.
సోల్జర్‌పేటలో చర్చి గోడకి ఆనుకున్న కొట్టు,
కాలితో తొక్కే మిషను, సుద్దముక్క,
అట్టకి కిరసనాయిలు వాసన పట్టిన కొలతల పుస్తకం.
అందులో పేర్లుండవు, బొమ్మలుంటాయి.
కళాసీకి లంగరు, గుమస్తాకి గొడుగు.
పదిహేడో పేజీలో ఒక కోట,
కోట మీద సిలువ.

అది అల్బరత్తు సామిది.

అసలు పేరు ఆల్బ్రెక్ట్ ఫాన్ రైడెన్‌బాక్.
మనకి ఇంటిపేరు ఊరిపేరైనట్టే వాళ్ళకీనట,
కాకపోతే ఆ ఊరు వాళ్ళదే.
నూటపన్నెండు కిటికీల ఇంట్లో పుట్టి
ముప్పైనాలుగులో మన రేవులో దిగాడు,
కొత్త హార్బరుకి ఇంకా తారు వాసన వదలని రోజుల్లో.
రెండు ట్రంకుపెట్టెలు, ఒక వయొలిను,
మన ఎండకి చాలని టోపీ.

ఛాతీ నలభై. నడుం ముప్పై ఆరు.
ఎడమ భుజం అరంగుళం వాలు.
అక్కడ సుద్దముక్క ఆగింది.
సామి చెవులు కందిపోయాయి.
"దూది పెట్టు" అన్నాడు,
తనకొచ్చిన పదకొండు తెలుగు మాటల్లో రెండు ఖర్చుపెట్టి.
వాళ్ళింటి పటాల్లో మగాళ్ళందరికీ
భుజాలు తక్కెడ దండెలా ఉంటాయట.

తాత దూది పెట్టాడు.

మూడో ఏడు జాలరిపేటలో కలరా.
నడుం ఇరవై తొమ్మిది.
పాడెకి నాలుగోవాడు దొరకని రోజులవి,
ఎడమ కొమ్ము సామిది.
పోలమ్మ అని ఒక ముసల్ది, ఇద్దరు కొడుకుల్ని ఇసకలో పెట్టినామె,
కానాగంతల పులుసు చిప్పలో పోసి
"తినరా గుంటడా,
మీయమ్మ సూస్తే నన్ను తిట్టదేటి?" అనేది.
ఆయన తినేవాడు.
కారానికి ఏడ్చేవాడో మరి దేనికో.

వానలు వెనకబట్టాక కొట్టుకొచ్చి
గుమ్మంలోనే నిలబడ్డాడు.
"ఇన్నాసీ, దూది తీసెయ్.
ఉన్నదున్నట్టు కుట్టు."

ముప్పైతొమ్మిది సెప్టెంబరు.
ఇద్దరు పోలీసులు రాస్‌హిల్ ఎక్కొచ్చారు,
జర్మనోడు కాబట్టి శత్రువట.
సామి చెప్పులు వెతుక్కుంటున్నంతసేపూ
వాళ్ళలో ఒకడు,
కూతురికి ఆయన చేతనే జ్ఞానస్నానం పోయించినవాడు,
గోడమీద బల్లిని చూస్తూ నిలబడ్డాడు.
బొత్తాం ఊడిన అంగీతోనే తీసుకెళ్ళారు.
ఆ బొత్తాం ఇప్పటికీ ఉంది,
పదిహేడో పేజీకి నల్లదారంతో కుట్టి.

ఏడేళ్ళు ఎక్కడో ఉత్తరాన ముళ్ళకంచె వెనక.
ఇంటికి పంపాక తెలిసింది కోటకి కప్పు లేదని,
తమ్ముడు లేడని,
కిటికీలు మాత్రం నిలబడి ఉన్నాయని.
బిషప్పయ్యాడని ఒక ఉత్తరం.
తర్వాత చాలా ఏళ్ళు ఏమీ లేదు.
తర్వాత రోమా నుంచి ఇంకొకటి, కార్డినల్ అయ్యాడని.
అడుగున తెలుగులో మూడు వాక్యాలు,
అక్షరాలు మెట్లు దిగే ముసలాళ్ళలా
ఒకదాన్నొకటి పట్టుకుని:

"ఇక్కడ నాకు ఎర్ర బట్టలు కుట్టారు.
ఇది నెత్తురు రంగని అందరూ అంటారు.
నాకు భీమిలి దారిలో ఎర్రమట్టి దిబ్బలు కనిపిస్తున్నాయి,
వానకి కోసుకుపోతూ."

చర్చి గంట కొట్టారు. బూందీ పంచారు.
ఆయన్ని ఎన్నడూ చూడని కుర్ర ఫాదరు
పేపర్లో ఫోటో పట్టుకుని కొట్టుకి పరిగెత్తుకొచ్చాడు.
నాకప్పుడు తొమ్మిదేళ్ళు,
సూదిలో దారం ఎక్కించడం నా పని.

తాత కళ్ళద్దాలు పంచెతో తుడుచుకున్నాడు.
మొహం చూడలేదు.
మెడలో సిలువ చూడలేదు.
ఫోటో మీద బొటనవేలు
ఈ భుజం నుంచి ఆ భుజానికి నెమ్మదిగా నడిపాడు,
మళ్ళీ వెనక్కి.

"దూది పెట్టారు" అన్నాడు.

వాళ్ళే పెట్టారో, ఆయనే అడిగాడో
ఫాదరుకి అర్థం కాలేదు, నాకూ కాలేదు.
తాత మిషను తొక్కడం మొదలెట్టాడు.
ఆ మధ్యాహ్నం ఒక కళాసీ చొక్కాకి
జేబు లోపలివైపు కుట్టేశాడు.