గది శబ్దం

టోలీచౌకి, పారామౌంట్ కాలనీ, మూడో అంతస్తు.
ఫ్యాను ఆపేశాం, ఫ్రిజ్ ప్లగ్గు పీకేశాం,
కిటికీకి బొంత అడ్డం కట్టాం.
"ముప్పై సెకన్లు ఎవరూ మాట్లాడొద్దు" అన్నాను.
ఇంటర్వ్యూ అయ్యాక నేను మరవకుండా అడిగేది ఇదొక్కటే:
ఆ గది ఉత్త శబ్దం.
మాట కోసిన చోట అతుకు తెలియకుండా
కింద పరవడానికి.

అబ్దిరిజాక్ గారు సోఫా అంచునే కూర్చున్నాడు,
కాలరుకి మైకు అలాగే ఉంది.
మొగదిషులో ఆయనది రేడియోలు బాగుచేసే కొట్టు.
యుద్ధం మొదలైన వారం జనం వరస కట్టి
"చెడిపోయింది, చూడు, ఏవేవో వార్తలు చెప్తోంది" అన్నారట.
విప్పి చూసి, అన్నీ బాగానే ఉన్నాయని
డబ్బులు తీసుకోకుండా పంపేశాడట.
ఇది చెప్పి నవ్వాడు.
మిగతాది చెప్పలేదు.

హెడ్‌ఫోన్లలో
కింద నీళ్ల ట్యాంకర్ రివర్సు కూత,
పక్క ఫ్లాట్‌లో కుక్కర్ మూడో విజిల్,
మసీదు మైకులో ఎవరో గొంతు సవరించుకోవడం,
వాటి వెనకాల ఆయన ఊపిరి,
లోపలికి వెళ్లడమే తప్ప
బయటికి రానట్టు.
"అయిపోయింది" అన్నాను.
ఆయన చెయ్యెత్తి ఆపాడు.
"అభీ హై" అన్నాడు,
ఇరవయ్యేళ్లలో ఈ ఊరు నేర్పిన ఉర్దూలో.

రాత్రి కృష్ణానగర్ ఎడిటింగ్ గదిలో
హోదన్ అడిగింది. ఆయన మేనకోడలు, సినిమా తనది.
"సబ్‌టైటిల్‌లో ఏం వేస్తున్నావు?"
అంతర్యుద్ధం, అన్నాను.
"అంటే?" లోపలి యుద్ధం.
"మా భాషలో అయినవాళ్ల యుద్ధం అంటాం" అంది,
"మీ ఇంట్లో ఏమంటారు?"
మా ఇంట్లో యుద్ధం ఎక్కడ జరిగింది, అనబోయి
ఆగిపోయాను.

మా నాయనమ్మ దాన్ని గడ్బడ్ అనేది.
గడ్బడ్ల మా అన్న పాయె,
గడ్బడ్ల ఇత్తనాలు పాయె.
ఇప్పుడు మేం నెట్‌వర్కుకీ కడుపునొప్పికీ వాడే మాట.
అన్నను చంపింది రజాకార్లా, దళమా,
ఆ తర్వాత వచ్చిన మిలిట్రీయా, చెప్పేది కాదు.
ఎదురింటివాడే చూపించాడని
మా నాన్న ఒకసారి తాగి అన్నాడు,
తెల్లారి అనలేదన్నాడు.
ఆ ఇంట్లో పెళ్లయితే నాయనమ్మ
తవ్వెడు బియ్యం, పసుపు పంపేది.
తను మాత్రం ఆ గడప తొక్కలేదు.

కాలేజీ రోజుల్లో ఒకసారి
టేప్ రికార్డరు ముందు కూర్చోబెట్టాను.
"ఏముంది బిడ్డా, గడ్బడ్ ఉండె."
అంతే. అరగంట పాటు
చాటలో బియ్యం కదిలిన చప్పుడు,
ఏరిన రాయి పళ్లెంలో పడ్డప్పుడల్లా
టిక్కుమని.
క్యాసెట్లో ఏమీ లేదని
దాని మీద పాటలు ఎక్కించుకున్నాను.

హోదన్‌కి ఇదంతా చెప్పానా అంటే
చెప్పలేదు.
టీ చల్లారిందన్నాను.
ఆమె తెర మీది గీత ఆపి
"ఇక్కడ మామయ్య మాట తెగినట్టు తెలుస్తోంది,
కింద గది శబ్దం వెయ్యవా?" అంది.

నా దగ్గరుంది.
ముప్పై సెకన్లని మొదలెట్టినది
నిమిషం యాభై వచ్చింది.
ఫైలు తెరిచి విన్నాను.
ట్యాంకర్, కుక్కర్, ఊపిరి.
అడుగున ఎక్కడో
చాట కదిలినట్టుంటే
మళ్లీ మొదటి నుంచి పెట్టాను.

అతుకు అలాగే కనబడనిద్దాం
అన్నాను.