గోడకి అయిదో పూత

మళ్లీ కబురొచ్చింది.
పెదగరువు లంక ఆసుపత్రి గోడకి
రంగు మార్చాలట, పేరు మార్చాలట,
గురువారం పెద్దలొస్తారట, ఈలోగా తడారాలట.

రెండు డబ్బాలూ నాలుగు కుంచెలూ సర్దుకుని పంటెక్కాను.
"మళ్లీనా, సత్తిపండూ?" అన్నాడు బంగార్రాజు, ఇంజను తిప్పుతూ.
"మళ్లీనే."
ఆషాఢం కదా,
గోదారికి మాత్రం ఎప్పటి ఎర్రరంగే.

ఉప్పుకాగితంతో రుద్దుతుంటే
ఒక్కో పథకం పొడిపొడిగా రాలి
నా మీసాల మీద కూచుంటోంది.
లేతాకు రంగు కింద గచ్చకాయ రంగు,
దాని కింద గేరుపండు రంగు,
అన్నిటికీ అడుగున వెల్లసున్నం,
దాని మీద ఎనభయ్యారు వరద గీసిపోయిన గీత.
ఆ ఒక్కటీ ఎంత రుద్దినా పోదు.

నాకు అక్షరానికింతని కూలి.
పథకం పేరు పొడుగైతే నాకు లాభమే.
"ఇరవై నాలుగు గంటలూ వైద్యం" అని
నాలుగు ప్రభుత్వాలకి నా చేత్తోనే రాశాను,
నాలుగుసార్లూ సున్నాలు పనసగింజల్లా నున్నగా వచ్చాయి.
రాత్రి ఎనిమిది దాటితే పంటుండదని
రాయమన్నవాడు లేడు.

తిట్టడం సుళువు. నేను తిట్టను.
మా సుగుణొదిన గుండెలో కవాటం
కార్డు మీదే మార్చారు, కాకినాడలో.
పైసా పుచ్చుకోలేదు.
ఇంటికొచ్చాక
రక్తం పలచబడ్డానికి రోజుకో బిళ్ల,
నెలకో పరీక్ష:
పంటు, ఆటో, బస్సు, మళ్లీ బస్సు, ఆటో, పంటు,
పోయిన ఓ రోజు కూలి.
ఇవేవీ కార్డులో లేవు.
కోతకి డబ్బు పెట్టినోళ్లు
కోత తర్వాత బతుకుందని మర్చిపోయారు.
ఒదిన ఎవరికీ చెప్పకుండా బిళ్లలు మానేసింది.
మూడో నెల్లో కుడిచెయ్యి పడిపోయింది.
ఇప్పుడు ఎడంచేత్తో బియ్యం ఏరుతుంది,
రాళ్లు మిగిలిపోతుంటాయి, మేం మాట్లాడకుండా తింటాం.

డాక్టరు పరిమళ గారు ఏడాదిన్నర నిలబడ్డారు.
క్వార్టర్సు కారేది. మంచం మీద గొడుగేసుకుని పడుకునేవారు.
పొద్దున్న నూటపది మంది,
మధ్యాహ్నం నుంచి నూటపది మందినీ ఫోనులో ఎక్కించడం.
రొయ్యల షెడ్డులో తలకాయలు తీసే ఆడాళ్ల వేళ్లకి
ఐసులో నాని నాని గీతలే ఉండవు.
వేలు పెడితే మిషను ఎర్రలైటు వేసేది.
"ఈవిడ నా ఎదురుగానే ఉందయ్యా,
దగ్గుతోంది కూడాను" అని ఆవిడ
దాని మీద అరిచిన రోజు నేను నిచ్చెన మీదున్నాను.
తర్వాత నెల బదిలీ పెట్టుకున్నారు.
నేనైనా పెట్టుకుందును.

బుధవారం సాయంత్రం నర్సు సువార్తమ్మ
టీ గ్లాసు గట్టుమీద పెట్టి అంది:
"తలుపు పక్కన చిన్నగా ఓ ముక్క రాసిపెట్టు.
రాత్రి పాము కరిస్తే బంగార్రాజుని లేపమని,
నంబరు ఇదిగో.
చీటీ రాసి అంటిస్తే వానకి కరిగిపోతోంది."
అంచనాలో లేదు కదా అన్నాను.
లేదంది.
మిగిలిన గేరుపండు రంగుతో
వరద గీతకి జానెడు పైన
పది అంకెలూ రాశాను.
వాటికి కూలి కట్టలేదు.

గురువారం అంతా ముసురు. రంగు ఆరలేదు.
పెద్దలొచ్చేసరికే పొద్దు వాలింది.
కొబ్బరి నీళ్లు తాగారు, గోడని ఫోటో తీశారు,
అందరికీ అన్నివేళలా అందాలని
ఒకాయన మంచిగానే మాట్లాడాడు,
మనసులోంచే మాట్లాడాడనిపించింది.
మాట్లాడి మాట్లాడి అలిసి
గోడకి వీపు ఆనించాడు.

అంతలో రేవు నుంచి బంగార్రాజు కేక:
"ఎనిమిదవుతోందండోయ్! ఇదే ఆఖరి పంటు!"

చెప్పులు చేత్తో పట్టుకుని
బురదలో పరుగెత్తారు అందరూ.
టార్చి వెలుగులో చూశాను:
ఆ మంచాయన తెల్లచొక్కా వీపు మీద
నా "ఇరవై నాలుగు గంటలూ"
తిరగబడిన అక్షరాల్లో, పచ్చిపచ్చిగా,
అవతలి ఒడ్డుకి వెళ్లిపోతోంది.