తుడుపు పని

పెన్సిలు గీతలు కనిపిస్తే తుడిచెయ్యాలని
రూలు.
పొందూరు శాఖా గ్రంథాలయంలో
పదకొండేళ్లు అది నా పనే.
తుడవటం, అంటించటం, కుట్టటం,
మధ్యాహ్నం పూట పావురాల్ని తోలటం.

గీసేదెవరో మొదట తెలీదు.
గీత మాత్రం తెలుసు:
స్కేలు పెట్టనిది, చివర కాస్త కిందకి దిగేది,
నడుస్తూ గీసినట్టు.
ఎప్పుడూ ప్రేమ మాటల కిందే.

రష్యా నవల, రేకులాంటి అట్ట:
మంచులో ఆమె చేతితొడుగు జారిపడితే
పిలిచి ఇవ్వకుండా ఒకడు జేబులో దాచుకున్నాడు.
"చలేసిన చెయ్యి అయినా నన్ను తలుచుకుంటుంది" అన్నాడు.
దాని కింద గీత.
తుడిచేశాను.

ఎడారి పద్యం, ఎవరో వచనంలోకి దించినది:
గుడారం ఎత్తేసిన చోట
పొయ్యిరాళ్లని అడుగుతున్నాడు, ఏ దిక్కుకి పోయిందని.
తుడిచేశాను.
రాళ్లేం చెప్పాయోనని పేజీ తిప్పాను.
ఏమీ చెప్పలేదు.

బెంగాలీ నవల, ఇప్పటికి మూడుసార్లు కుట్టినది:
"కోపంగానే ఉన్నాను. వత్తి మాత్రం
నువ్వొచ్చే వేళకి ఎగదోశాను."
ఆ ఒక్క గీతకి రెండు రోజులు పట్టింది.
నొక్కి గీసిందేం కాదు,
నేనే నెమ్మదిగా తుడిచాను.

రబ్బరు పొడి ఒళ్లో పడేది.
ఇంటికెళ్లి చీర దులిపితే అమ్మ అడిగేది,
"ఏటే ఆ పొడి? పుస్తకాలకి సెద పట్టిందేటి?"
అమ్మ వాలుగ చేప దవడతో పత్తి దువ్వుతుండేది.
చచ్చిన చేప పళ్లు
అంత మెత్తగా కొరకగలవని
ఏ దేశపు ప్రేమకథలోనూ చదవలేదు నేను.

ఒక ఆషాఢం శనివారం
భుజం మీది స్పానరు దించి
పుస్తకం బల్ల మీద పెట్టాడు కీమ్యాన్ తవిటినాయుడు.
రోజూ పట్టాలెంట నడిచే మనిషి.
"గీతలు మీవేనా?" అన్నాను.
"నాను కాదండి, ఎవులో మరి."
తడిసిన చొక్కా జేబులో పెన్సిలు,
రెండు వైపులా చెక్కినది.

ఆ ఏడే ద్వీపాల దేశం కథలు చిరిగి వచ్చాయి.
నలభై రెండో పేజీ సగం లేదు.
ఆమె ఉత్తరం మడత విప్పుతుంది,
అందులో రాసిన మాటే పోయింది.
అమ్మ వడికిన నూలు, నేతకెళ్లి వచ్చాక
మిగిలిన పీలిక ఒకటుంటే, ఉల్లిపొరంత పల్చనిది,
మైదా జిగురుతో అతికాను.

ఇరవై రోజులకి పుస్తకం తిరిగొచ్చింది.
అన్ని పేజీలూ శుభ్రంగా, మొదటిసారి.
ఏదీ నచ్చలేదు కాబోలు అనుకున్నాను,
కొంచెం చిన్నబుచ్చుకున్నాను కూడా.
నలభై రెండో పేజీలో
అక్షరం లేని నా గుడ్డ మీద
గీత.
స్కేలు పెట్టి గీసినది.

నూలు మీద పెన్సిలు పోదు.
రుద్దితే పరుచుకుంటుంది.
ఒకసారి రుద్ది చూశాను, అబద్ధమెందుకు.

ఆ చలికాలమే అతనికి నౌపడా వైపు బదిలీ.
"ఎల్లొస్తానండి" అన్నాడు,
నాతోనో, కిటికీలో పావురాలతోనో.
సభ్యత్వం డిపాజిట్టు యాభై రూపాయలు
ఇప్పటికీ మా దగ్గరే ఉంది.

మొన్న శ్రీకాకుళం నుంచి కాగితం వచ్చింది,
పాడైన పుస్తకాల జాబితా పంపమని.
ఆ ఒక్కదాని ఎదుట "పోయినది" అని రాసి
ఖరీదు పద్దెనిమిది రూపాయలు నేనే కట్టి
రసీదు నా పేరనే రాసుకున్నాను.

ఇంట్లో అమ్మ దాన్ని తెరిచింది.
చదువు రాదు. నూలు తనదని పోల్చుకుంది.
వేలితో పీలిక అంచు తడిమి
గీత దాకా వచ్చి ఆగి,
"వంకర నేదు" అంది.